కథ దాటొచ్చింది, ఊరు అక్కడే ఉంది

2012లో శ్రీకాంత్, జె.డి. చక్రవర్తి కలిసి నటించిన ‘ఆల్ ది బెస్ట్’ అనే తెలుగు సినిమా వచ్చింది. దర్శకుడు కూడా చక్రవర్తే. మలయాళంలో 2009లో వి.కె. ప్రకాశ్ తీసిన ‘గులుమాల్’కి అది రీమేక్. అదే కథను ప్రకాశ్ 2011లో కన్నడానికీ తీసుకెళ్లాడు. ‘గులుమాల్’ కథ మాత్రం కేరళలో పుట్టలేదు. అది 2000 ఆగస్టు 31న అర్జెంటీనాలో విడుదలైన ‘నువేవె రెయినాస్’ నుంచి వచ్చింది. ‘తొమ్మిది రాణులు’ అని ఆ పేరుకు అర్థం. దాన్ని రాసి, తీసిన మనిషి ఫాబియన్ బియెలిన్‌స్కీ. ఇద్దరు మోసగాళ్లు, ఒక్క రోజు, ఒక పెద్ద బేరం అనే ఆ కథ ఏదో ఒక రూపంలో చూసిన తెలుగువాళ్లు ఉన్నారు. బియెలిన్‌స్కీ పేరు విన్నవాళ్లు మాత్రం మన దగ్గర చాలా తక్కువ. అతను 1959లో బ్యూనస్ ఎయిర్స్‌లో పుట్టాడు, 2006 జూన్ చివర్లో 47 ఏళ్లకే గుండెపోటుతో పోయాడు. దర్శకుడిగా వెనక మిగిల్చినవి రెండే రెండు పూర్తి నిడివి సినిమాలు.

అతని గురించి ఎవరు రాసినా మూడు మాటలు తప్పకుండా వస్తాయి. చివరి మలుపు రాయడంలో మొనగాడు. తన దేశంలో బ్యాంకులు డబ్బు బిగబట్టే రోజు వస్తుందని ఏడాది ముందే చెప్పాడు. పాపం, రెండు సినిమాలతోనే వెళ్లిపోయాడు. మూడింటిలోనూ కొంత నిజం ఉంది. కానీ మూడూ కలిస్తే మనకు ఒక గారడీవాడు, ఒక జ్యోతిష్కుడు, ఒక అల్పాయుష్కుడు కనిపిస్తారు తప్ప పని తెలిసిన రచయిత, దర్శకుడు కనిపించడు. రీమేక్‌లు తీసినవాళ్లు కూడా ఈ మొదటి మాటనే నమ్మారు. మలుపే ఆస్తి అనుకుని దాన్ని మూట కట్టుకుపోయారు. బియెలిన్‌స్కీ బలం ఆ మూటలో లేదని నా అభిప్రాయం. ఏ దేశానికీ తీసుకెళ్లలేని భాగంలోనే, తన ఊరి డబ్బు మీద, తన ఊరి మనుషుల మాట మీద అతనికున్న పట్టులోనే ఆ సినిమా ప్రాణం ఉంది. ఆ సంగతి అతనికి తెలుసనడానికి రెండో సినిమాయే సాక్ష్యం.

ముందు మొదటి సినిమా సంగతి. తెల్లవారకముందే పెట్రోలు బంకు పక్కనున్న చిన్న షాపులో హువాన్ అనే కుర్రాడు నోటు మార్పించుకునే నెపంతో కౌంటర్‌లోని అమ్మాయిని బోల్తా కొట్టిస్తాడు. అంతటితో ఊరుకోకుండా, డ్యూటీ మారి వచ్చిన రెండో అమ్మాయి దగ్గరా అదే పాచిక వేసి దొరికిపోతాడు. అక్కడే ఉన్న మార్కోస్ తాను పోలీసునని చెప్పి అతన్ని రెక్క పట్టుకుని బయటికి లాక్కొస్తాడు. మార్కోస్ పోలీసు కాదు, ఆరితేరిన మోసగాడు. తన జతగాడు పత్తా లేకుండా పోయాడు కాబట్టి ఈ ఒక్క రోజుకూ ఒక తోడు కావాలి. వీధుల్లో చిల్లర మోసాలు చేస్తూ తిరుగుతుండగానే పెద్ద బేరం తగులుతుంది. జర్మనీలో వైమార్ రిపబ్లిక్ కాలం నాటి అరుదైన తపాలా బిళ్లల షీటు ఒకటి, దానికి అచ్చుగుద్దినట్టున్న నకలు ఒకటి, మర్నాడు ఉదయానికల్లా దేశం విడిచి పోక తప్పని స్పెయిన్ ధనికుడు ఒకడు. బేరం నాలుగున్నర లక్షల డాలర్లకు తెగుతుంది. ఎన్నో తిప్పల తర్వాత మార్కోస్ చేతికి వచ్చేది నోట్ల కట్టలు కాదు, బ్యాంకు చెక్కు. తెల్లారి దాన్ని మార్చుకోవడానికి పరుగెత్తేసరికి బ్యాంకు మూసి ఉంటుంది. డైరెక్టర్లు ఉడాయించారు. ఖాతాదారులు గేట్ల మీద పడి గొంతులు చించుకుంటున్నారు. దాని తర్వాత ఇంకో ముడి ఉంది. దాన్ని నేను విప్పను. చూడనివాళ్లకు అన్యాయం అవుతుందన్నది ఒక కారణమైతే, నా వాదనకు దాని అవసరం లేకపోవడం రెండో కారణం.

ఆ బ్యాంకు దృశ్యమే అతనికి జ్యోతిష్కుడనే పేరు తెచ్చింది. సినిమా విడుదలైన పదిహేను నెలలకు, 2001 డిసెంబరు మొదట్లో, అర్జెంటీనా ప్రభుత్వం బ్యాంకుల నుంచి వారానికి 250 పెసోలకు మించి నగదు తీసుకోవడానికి వీల్లేదని ఉత్తర్వు ఇచ్చింది. ‘కొర్రలీతో’ అని ఈ రోజుకీ అక్కడి జనం దాన్ని తిట్టుకుంటారు. మధ్యతరగతి వాళ్లు గిన్నెలు, గరిటెలు పట్టుకుని వీధుల్లోకి వచ్చారు. డిసెంబరు 19, 20 తేదీల అల్లర్లలో ముప్పై మందికి పైగా చనిపోయారు. అధ్యక్షుడు ఫెర్నాండో డె లా రువా రాజీనామా చేసి అధ్యక్ష భవనం పైకప్పు మీంచి హెలికాప్టర్‌లో వెళ్లిపోయాడు. ఆ దృశ్యాలన్నీ టీవీల్లో చూసిన వాళ్లకు బియెలిన్‌స్కీ సినిమా గుర్తుకు రావడంలో ఆశ్చర్యం లేదు. ఆశ్చర్యమల్లా దాన్ని జోస్యం అనడంలోనే ఉంది. ఎందుకంటే 2000 నాటి అర్జెంటీనా ప్రేక్షకుడికి ఆ దృశ్యం రేపటిది కాదు, నిన్నటిది. 1980లో దేశంలోకెల్లా పెద్దదైన ప్రైవేటు బ్యాంకు కూలినప్పుడు బియెలిన్‌స్కీకి 21 ఏళ్లు. 1989లో ధరలు ఏడాదిలో మూడు వేల శాతానికి పైగా పెరిగాయి. ఆ సంవత్సరం వెళ్లీ వెళ్లకముందే ప్రభుత్వం జనం ఫిక్స్‌డ్ డిపాజిట్లు లాక్కుని, వాటికి బదులు పదేళ్ల తర్వాత చెల్లే డాలర్ బాండ్లు చేతిలో పెట్టింది. 1995లో మెక్సికో సంక్షోభం గాలి తగిలి మరికొన్ని బ్యాంకులు మూతపడ్డాయి. ఇరవై ఏళ్లలో ఇన్నిసార్లు కాలినవాడు మూసిన బ్యాంకు గేటును రాయడానికి దివ్యదృష్టి అక్కర్లేదు, మరిచిపోకుండా ఉంటే చాలు. మరిచిపోవడం మీదే ఆ దశాబ్దమంతా నడిచింది. 1991 ఏప్రిల్ నుంచి ఒక పెసోకు ఒక డాలర్ అని చట్టం చేసి, పాత రోగం పోయిందని నమ్మించారు. దేశమంతా ఆ నమ్మకం మీద అప్పులు చేసి, మయామీకి షాపింగ్‌కు వెళ్లి, విదేశీ సరుకు కొన్నది. అలాంటి కాలంలో, ఊరందరినీ ముంచే మోసగాడు చివరికి ఒక బ్యాంకు చెక్కును నమ్మి మునగడం అన్న ఊహలోనే సినిమా చెప్పదలచుకున్నదంతా ఉంది.

మిగతా వివరాలు కూడా ఇదే దారిలో ఉన్నాయి, ఒక్కటీ అలంకారానికి పెట్టింది కాదు. కొనేవాడు స్పెయిన్ దేశస్థుడు ఎందుకయ్యాడు? 1990లో అర్జెంటీనా టెలిఫోన్ల పంపకంలో పెద్ద వాటా స్పెయిన్ కంపెనీ తెలెఫోనికాకు పోయింది. అదే ఏడాది జాతీయ విమానసంస్థ ఐబీరియా చేతికి వెళ్లింది. 1999లో జాతీయ చమురు సంస్థను రెప్సోల్ కొన్నది. పాత వలస యజమాని మళ్లీ వచ్చి ఒక్కొక్క ఆస్తీ కొనుక్కుపోతున్నాడన్న చేదు అక్కడ ఇళ్లలోనూ కాఫీ దుకాణాల్లోనూ మాట్లాడుకునేదే. సినిమాలో ఆ స్పెయిన్ ధనికుడు తపాలా బిళ్లలతో సరిపెట్టుకోడు, మార్కోస్ చెల్లెలు వలేరియాను కూడా బేరంలోకి లాగుతాడు. దీని మీద ఎవరూ ఉపన్యాసం ఇవ్వరు. మార్కోస్ వెళ్లి చెల్లెలిని అడుగుతాడు, అంతే. బేరం జరిగే చోటు ప్యూర్తో మదేరో. పాడుబడిన రేవు గోదాములను తొంభైలలో అద్దాల హోటళ్లుగా, ఖరీదైన భోజనశాలలుగా మార్చిన పేట అది. ఇక ఆ బిళ్లలు వైమార్ కాలం నాటివి కావడం. డబ్బు చిత్తుకాగితమైపోయిన దేశం నుంచి వచ్చిన కాగితాలకు, డబ్బు చిత్తుకాగితం కాబోతున్న దేశంలో డాలర్లలో ధర కడుతున్నారు. ఇంతా ఆలోచించే పెట్టాడా అంటే, స్క్రిప్టులో ఒక్క ఫోన్‌కాల్‌ను కూడా ఊరికే వదలని రచయిత విషయంలో కాదనడమే కష్టం.

అన్నిటికన్నా నాకు గొప్పగా అనిపించేది మోసం పనిచేసే తీరును అతను చూపించిన పద్ధతి. మార్కోస్ ఎక్కడా తుపాకీ తీయడు. అపార్ట్‌మెంట్ల గుమ్మం దగ్గర ఇంటర్‌కామ్ మీటలు నొక్కి, ఏదో ఒక ముసలావిడ గొంతు వినపడగానే “అత్తా” అని పిలవడం వంటివే అతని పనిముట్లు. ఆ పిలుపు వినగానే అవతలి మనిషే తనకున్న మేనల్లుళ్లలో ఒకడి పేరు అందిస్తుంది. మోసగాడికి కావలసిన కథ మోసపోయేవాళ్లే కట్టి ఇస్తారన్నమాట. హువాన్ పెట్టుబడి అతని ముఖం. చూడగానే మంచివాడని నమ్మాలనిపించే ముఖం. మరోచోట మార్కోస్ నడివీధిలో నిలబడి హువాన్‌కు చుట్టూ ఉన్న దొంగలను చూపిస్తాడు. జేబులు కొట్టేవాళ్లు, సంచులు లాక్కుపోయేవాళ్లు, గోడలకు కన్నాలు వేసేవాళ్లు అంటూ ఊపిరి తిప్పుకోకుండా ఏకరువు పెడతాడు. ప్రతి రకానికీ ఆ ఊరి వీధిభాషలో ఒక పేరుంది. కెమెరా వాళ్లను ఒక్కొక్క క్షణమే చూపి కదిలిపోతుంది. అంతసేపూ మామూలుగా కనిపించిన బజారు ఆ తర్వాత మామూలుగా కనిపించదు. ఇన్ని రకాల దొంగలను వేరు చేసి చెప్పగలిగిన మార్కోస్, నన్ను మాత్రం దొంగ అనొద్దంటాడు. ఆ పాత్రలో రికార్డో డరీన్ నటన చూసి తీరాలి. అప్పటిదాకా టీవీలో, తేలికపాటి కామెడీల్లో అందగాడిగా పేరున్న నటుడు తనలోని ఆకర్షణనంతా నీచత్వానికి వాడాడు. 2010లో ఆస్కార్ గెలిచిన ‘ఎల్ సెక్రెటో దె సుస్ ఓహోస్’ ద్వారానో, ‘వైల్డ్ టేల్స్’ ద్వారానో అతన్ని ఎరిగిన మన ప్రేక్షకులు ఆ డరీన్ మొదలైంది ఎక్కడో ఈ సినిమాలో చూడొచ్చు.

ఇప్పుడు రీమేక్ విషయం. 2004లో హాలీవుడ్ దీన్ని ‘క్రిమినల్’గా తీసింది. దర్శకుడు గ్రెగరీ జేకబ్స్, స్టీవెన్ సోడర్‌బర్గ్ దగ్గర చాలాకాలం అసిస్టెంట్ డైరెక్టర్‌గా పనిచేసినవాడు. స్క్రీన్‌ప్లేలో సోడర్‌బర్గ్ మారుపేరుతో చెయ్యి వేశాడు. జాన్ సి. రైలీ, మ్యాగీ జిలెన్‌హాల్, డియేగో లూనా నటించారు. చేతకానివాళ్లు ఒక్కరూ లేరు. కథ లాస్ ఏంజెలెస్‌కు మారింది, తపాలా బిళ్లల స్థానంలో పాత అమెరికన్ కరెన్సీ కాగితం వచ్చింది. ముడులన్నీ దాదాపు యథాతథంగా ఉన్నాయి. చూస్తే విసుగు పుట్టదు, మర్నాటికి గుర్తూ ఉండదు. కారణం వెతకడానికి ఎక్కువ దూరం పోనక్కర్లేదు. 2004 నాటి లాస్ ఏంజెలెస్‌లో మనిషికి బ్యాంకు మీద అనుమానం లేదు. మోసగాడు అక్కడ ఒక వృత్తి, ఒక వినోదం. బ్యూనస్ ఎయిర్స్‌లో మోసగాడు అందరికీ పెద్దన్న లాంటి ప్రభుత్వానికీ బ్యాంకుకీ చిన్న తమ్ముడు. ఆ బంధుత్వం తెగ్గొడితే మిగిలేది కిటుకు మాత్రమే. మన దక్షిణాది రీమేక్‌లలో హాస్యం పాలు పెరిగింది. అవి నవ్వించడానికే తీసినవి కాబట్టి ఆ మేరకు వాటిని తప్పుపట్టలేం. కానీ చిట్‌ఫండ్ బోర్డు తిప్పేస్తే, సహకార బ్యాంకు మూతపడితే గేటు ముందు నిలబడిన అనుభవం తెలుగు ఊళ్లకు లేదా? అర్జెంటీనా కథలో మనకు నిజంగా చుట్టరికం ఉన్న చోటు అది. మలుపు మన దగ్గర లేక అరువు తెచ్చుకున్నామంటే సరే అనుకోవచ్చు. గేటు ముందు జనం మాత్రం మన దగ్గరే ఉన్నారు.

దీనికి వెంటనే ఒక అభ్యంతరం వస్తుంది, అది గట్టిదే. బియెలిన్‌స్కీ మాత్రం అరువు తెచ్చుకోలేదా? మోసగాళ్ల జంట, లోపలి మోసానికి బయట ఇంకో మోసం, చివర్లో తలకిందులయ్యే లెక్క, ఇవన్నీ 1973 నాటి ‘ది స్టింగ్’లోనూ, 1987లో డేవిడ్ మామెట్ తీసిన ‘హౌస్ ఆఫ్ గేమ్స్’లోనూ చూసినవేగా? చూసినవే. అమెరికన్ జానర్ సినిమాల్లో ఆరితేరినవాడే ఈ సినిమా రాయగలడు. కానీ ఒక జానర్‌ను తీసుకోవడం వేరు, ఒక కథను తీసుకోవడం వేరు. జానర్ అంటే ఒక చట్రం. అందులో ఏ మనుషులు ఉండాలి, వాళ్లు దేనికి భయపడాలి, దేనికి సిగ్గుపడాలి అన్నది రాసేవాడు తన దగ్గర నుంచి తెచ్చుకోవలసిందే. చట్రాన్ని తెచ్చుకున్నవాడు ఇంటికొచ్చి పని మొదలుపెట్టాలి. కథనే తెచ్చుకున్నవాడికి పని అయిపోయినట్టు అనిపిస్తుంది. రీమేక్‌లలో మంచివి లేవని నేననను. పాత కథలో సొంత ఊరిని నింపిన రీమేక్ కొత్త సినిమాయే. అలాంటివి అరుదుగా ఎందుకున్నాయంటే, హక్కులు కొన్నప్పుడు కొన్నది మలుపే కాబట్టి ఆ మలుపును పాడుచేయకూడదన్న జాగ్రత్తలోనే శ్రద్ధంతా ఖర్చవుతుంది.

రెండో అభ్యంతరం ఇంకా సూటిది. పెసో చరిత్ర ఏమీ తెలియని ప్రేక్షకులు కూడా ‘తొమ్మిది రాణులు’ చూసి మెచ్చుకున్నారు. స్పెయిన్‌లో, ఫ్రాన్స్‌లో, అమెరికాలో ఆడింది. అలాంటప్పుడు ఊరు ముఖ్యమెలా అవుతుంది? తెలియకపోవడం వేరు, తగలకపోవడం వేరు అన్నది నా జవాబు. ఒక బజారు తెరమీద నిజంగా ఉందా, సెట్టు వేశారా అన్నది ఆ భాష రానివాడు కూడా పసిగడతాడు. మార్కోస్ కాఫీకి డబ్బు ఎగ్గొట్టే తీరులో, హోటల్ ఉద్యోగుల ముఖాల్లో, ఆ బ్యాంకు ముందు అరిచే ముసలివాళ్ల గొంతుల్లో ఉన్న చిక్కదనం అనువాదం లేకుండానే అందుతుంది. పైగా అమెరికాలో సినిమా విడుదలైంది 2002 వసంతంలో, అర్జెంటీనా వార్తలు పత్రికల మొదటి పేజీల్లో ఉన్న రోజుల్లో. అక్కడి ప్రేక్షకుడు మరీ అమాయకుడేమీ కాదు. సొంత దేశంలోనైతే పన్నెండు లక్షల మందికి పైగా టికెట్ కొన్నారు. అర్జెంటీనా సినీ విమర్శకుల సంఘం ఇచ్చే సిల్వర్ కాండర్ అవార్డుల్లో ఉత్తమ చిత్రం, దర్శకుడు, ఒరిజినల్ స్క్రీన్‌ప్లే సహా ఏడు దక్కాయి.

ఈ పట్టు అతనికి ఎక్కడి నుంచి వచ్చిందో చూడాలంటే అతని జీవితంలో ఎవరూ పెద్దగా మాట్లాడని సంవత్సరాల్లోకి వెళ్లాలి. బడిలో ఉండగానే హూలియో కొర్తాసర్ కథ ఒకదాన్ని పొట్టి సినిమాగా తీశాడు. ప్రభుత్వ సినిమా శిక్షణ కేంద్రంలో చదివి 1983లో బయటికి వచ్చేటప్పుడు బోర్హెస్ కథ ‘లా ఎస్పెరా’ను తీశాడు. సైనిక పాలన ముగిసి దేశం ఊపిరి పీల్చుకుంటున్న సంవత్సరం అది. ఆ తర్వాత మొదటి సినిమాకు పదిహేడేళ్లు పట్టింది. అంతకాలమూ అసిస్టెంట్ డైరెక్టర్. కార్లోస్ సోరిన్ 1989లో డేనియల్ డే-లూయిస్‌తో పటగోనియాలో తీసిన సినిమాకు పనిచేశాడు, 1995లో ఎలిసెయో సుబియేలా దగ్గర పనిచేశాడు, లెక్కలేనన్ని ప్రకటనలకు పనిచేశాడు. 1998లో ఫెర్నాండో స్పినేర్ తీసిన ‘లా సొనాంబులా’ అనే సైన్స్ ఫిక్షన్ సినిమా రచనలో పాలుపంచుకున్నాడు. అసిస్టెంట్ డైరెక్టర్ అనేవాడు రోజంతా చేసే పని ఏమిటి? ఎవరు ఏ క్షణంలో ఎక్కడ ఉండాలో చూడటం, ఒక్క మనిషి ఆలస్యమైతే మొత్తం ఎలా కూలుతుందో ముందే లెక్కగట్టడం. మన సినిమావాళ్ల కృష్ణానగర్‌లో ఏ కో-డైరెక్టర్‌ని అడిగినా ఇదే చెబుతాడు. ‘తొమ్మిది రాణులు’లోని పెద్ద మోసం అచ్చం అలాంటి షూటింగే. పాత్రధారులు, వేళలు, దుస్తులు, ఆధారాలు, ఒకే ఒక్క ప్రేక్షకుడు. పదిహేడేళ్ల కూలీ పని ఆ స్క్రిప్టులో వృథా పోలేదు.

ఆ స్క్రిప్టు తెరకెక్కింది కూడా పరిచయాల వల్ల కాదు. పటగోనిక్ అనే నిర్మాణ సంస్థ కొత్తవాళ్ల కోసం 1998లో నడిపిన స్క్రిప్టుల పోటీలో గెలిచింది కాబట్టి. 1994 సినిమా చట్టం టికెట్ల మీద, వీడియోల మీద, టీవీ ఆదాయం మీద వచ్చే డబ్బును సినిమాలకు మళ్లించిన తర్వాత అర్జెంటీనాలో చాలా తలుపులు తెరుచుకున్నాయి. ఆ తలుపుల్లోంచి వచ్చిన కుర్రతరానికి న్యూ అర్జెంటైన్ సినిమా అని పేరు పెట్టారు. పాబ్లో ట్రపేరో, లుక్రేసియా మార్తెల్, లిసాంద్రో అలోన్సో వంటివాళ్లు. తక్కువ డబ్బు, కొత్త ముఖాలు, కథ కన్నా బతుకు మీద చూపు. 41 ఏళ్ల బియెలిన్‌స్కీ స్టార్లతో, బిగువైన కథతో వచ్చి ఆ వరుసలో ఇమడలేదు. అతన్ని పరిశ్రమ మనిషిగా లెక్కగట్టి పక్కన పెట్టిన వాళ్లున్నారు. వాళ్ల సందేహం అర్థం లేనిది కాదు. బిగువైన కథ ప్రేక్షకుణ్ని ఊపిరాడనివ్వదు, ఆలోచించే ఖాళీ ఇవ్వదు. కానీ 1998 నుంచి 2001 దాకా ఆ దేశం ఎలా కుంగిపోయిందో చెప్పడానికి ట్రపేరో తన ‘ముండో గ్రువా’లో పని పోయిన క్రేన్ ఆపరేటర్ వెంట నడిస్తే, బియెలిన్‌స్కీ ఒక చెక్కు వెంట నడిచాడు. ఇద్దరూ ఒకే ఊళ్లో ఒకే రోగాన్ని చూస్తున్నవాళ్లు. జనం కిక్కిరిసిన హాల్లో చూపించినంత మాత్రాన చూపు పలచబడదు.

ఇక రెండో సినిమా, నా వాదనకు అసలు ఆధారం. పన్నెండు లక్షల టికెట్లు, హాలీవుడ్ రీమేక్ తర్వాత అతని దగ్గర అందరూ ఎదురుచూసింది ఇంకో మోసం కథ. అయిదేళ్లు ఆగి, 2005లో ‘ఎల్ ఔరా’ తీశాడు. మళ్లీ డరీనే, కానీ ఈసారి గుర్తుపట్టలేం. మార్కోస్ నోరు మూయడు, ఇతను నోరు విప్పడు. చచ్చిన జంతువుల తోళ్లలో గడ్డి కూరి మ్యూజియాలకు నిలబెట్టే పనివాడు, మూర్ఛరోగి. సినిమా మొదలయ్యేటప్పటికి ఏటీఎం గదిలో నేలమీద పడి ఉంటాడు, మెల్లగా కళ్లు తెరుస్తాడు. చూసిన ప్రతి అంకె, ప్రతి తాళం, ప్రతి మనిషి నడక అతనికి గుర్తుండిపోతాయి. మ్యూజియం జీతాల వరుసలో నిలబడి, ఆ డబ్బును ఎంత శుభ్రంగా దోచుకోవచ్చో మనసులోనే నడిపించుకుంటాడు. మనసులోనే, ఎప్పుడూ చెయ్యడు. భార్య వదిలిపోయిన రోజుల్లో తోటివాడితో కలిసి దక్షిణాది అడవులకు వేటకు వెళ్తాడు. అక్కడ పొరపాటున ఒక మనిషిని కాల్చేస్తాడు. ఆ చచ్చినవాడు ఒక క్యాసినో డబ్బు బండిని దోచడానికి పథకం వేసుకున్నాడని తెలుస్తుంది. ఊహల్లో దొంగకు నిజమైన దొంగతనం వారసత్వంగా దొరికింది. కావలసినదంతా అతని జ్ఞాపకంలో ఉంది, ఒక్క వివరం తప్ప.

రెండు గంటలు దాటిన ఈ సినిమాలో చివరి మలుపు లేదు. నడక నిదానం. మాటల కన్నా అడవి చప్పుళ్లు ఎక్కువ. మొదటి సినిమాలో ప్రేక్షకుడికి అంతా తెలుస్తోందన్న భ్రమ కలిగించి చివర్లో లాగేశాడు. ఇక్కడ ఆ భ్రమే కథ. అంతా గుర్తున్నవాడికి అంతా అర్థమైనట్టు కాదని ఒక్కో అడుగులో చూపిస్తాడు. మూర్ఛ వచ్చే ముందు కొన్ని క్షణాలు లోకమంతా ఆగిపోయినట్టుంటుందని, తప్పించుకునే దారి లేదు కాబట్టి ఆ క్షణాల్లో ఏదీ ఎంచుకోనక్కర్లేదని డరీన్ పాత్ర ఒకచోట చెబుతుంది. ఆ క్షణాలకే ఔరా అని పేరు. తన పేరు నిలబెట్టిన కిటుకును, ప్రపంచమంతా కొనుక్కున్న సరుకును, పూర్తిగా పక్కన పెట్టి తీసిన సినిమా ఇది. నేరం కథ అనే చట్రం మాత్రం ఉంచుకున్నాడు. మూతపడబోతున్న క్యాసినో, వసూళ్లు తరలించే బండి, అడవి అంచున పాతబడిన గెస్ట్‌హౌస్, మొగుడి దెబ్బలకు అలవాటుపడిన చిన్న వయసు భార్య. ఇవి మళ్లీ ఆ దేశానివే, ఈసారి రాజధానికి చాలా దూరంగా. మలుపే తన బలమని అతను అనుకుని ఉంటే ఈ సినిమా పుట్టేది కాదు. మొదటిదానిలా ఇది బాక్సాఫీసును ఊపలేదు, కొందరు ప్రేక్షకులు నిరాశపడ్డారు కూడా. సాన్ సెబాస్టియన్ పోటీలో పాల్గొంది, ఆస్కార్‌కు అర్జెంటీనా తరఫున వెళ్లింది. సిల్వర్ కాండర్లలో ఉత్తమ చిత్రం, దర్శకుడు, ఒరిజినల్ స్క్రీన్‌ప్లే మళ్లీ అతనికే వచ్చాయి. ఆ అవార్డులు వచ్చిన కొద్దిరోజులకే, ఒక ప్రకటన కోసం నటులను ఎంపిక చేయడానికి వెళ్లిన సావో పాలోలో, హోటల్‌లో చనిపోయాడు. రెండు సినిమాలకు పేరు తెచ్చుకున్నాక కూడా బతుకుతెరువుకు ప్రకటనలు తీస్తున్నాడని గమనించాలి.

రెండు సినిమాలతో ఒక దర్శకుణ్ని అంచనా వేయగలమా అనేవాళ్లు ఉంటారు. ఎక్కువ తీసి ఉంటే తేలిపోయేవాడేమో, మరణం కాపాడిందేమో అన్న అనుమానం మర్యాద కోసం పైకి అనకపోయినా చాలామందిలో ఉంటుంది. చనిపోయినవాడు తీయని మూడో సినిమా ఎప్పుడూ కళాఖండమే కాబట్టి, నేను దాని జోలికి పోను. ఉన్న రెండింటి మధ్య దూరం చాలు. చాలామంది దర్శకులు పదేసి సినిమాల్లో కూడా నడవని దూరం అది. విజయం ఇచ్చిన సూత్రాన్ని ఎంతమంది వదులుకోగలరు? రెండో సినిమాకే వదులుకున్నవాళ్లు ఇంకెంతమంది? సంఖ్య తక్కువని అతని పేరును చరిత్రలో చిన్న అక్షరాల్లో వేయడం, లేదా అకాల మరణం గురించి నిట్టూర్చి ఊరుకోవడం, రెండూ పని తప్పించుకునే పద్ధతులే. పైగా ఆ పదిహేడేళ్లనూ కలిపి లెక్కేస్తే అతనిది పొట్టి వృత్తి జీవితం కాదు. దర్శకుడన్న కార్డు మీద పేరు రెండుసార్లే పడింది, అంతే తేడా.

బియెలిన్‌స్కీని కొత్తగా చూడబోయేవాళ్లకు నేనిచ్చే సలహా మామూలుగా అందరూ ఇచ్చేదానికి విరుద్ధం. ముందు ‘ఎల్ ఔరా’ చూడండి. ‘తొమ్మిది రాణులు’తో మొదలుపెడితే రెండో సినిమాలో మలుపు కోసం వెతుకుతూ కూర్చుంటారు, అది రాదు, సినిమా చేజారిపోతుంది. ‘ఎల్ ఔరా’ తర్వాత చూస్తే మొదటి సినిమాలో కన్ను ముడుల మీద నిలవదు. వీధుల మీద, ముఖాల మీద, ఆ మూసిన గేటు ముందు నిలబడినవాళ్ల మీద నిలుస్తుంది. రీమేక్ హక్కులు కొనే నిర్మాతలు కూడా ఆ వరుసలోనే చూస్తే, కొనవలసింది ఏమిటో, ఇంట్లో ఉన్నది ఏమిటో సంతకం పెట్టకముందే తేల్చుకోవచ్చు.